నీళ్ళుంటే బండి తిప్పాల

మా అక్క షరతు పెట్టకుండా నా మాట ఒక్కటీ వినలేదు. చిన్నప్పుడు నాకు జడ వేయాలన్నా షరతే. నూనెగిన్నె నేనే తేవాలి, జడ అయ్యాక నేనే కడగాలి. ఆ గుణానికి నేను ఏనాడో అలవాటు పడ్డాను. అయినా ఆ ఆగస్టు ఉదయం కారు వెనకసీట్లో వెల్లకిలా పడుకుని, రెండు కళ్ళ మీదా తెల్లగుడ్డ కట్టించుకుని, నా మణికట్టు పట్టుకుని ఆమె పెట్టిన షరతు వింటే నాకు ఒళ్ళు మండిపోయింది.

"ఆళ్లగడ్డ దాటినాక కాలువ కనపడతాది. ఆడ నీళ్ళుంటే బండి తిప్పాల. తిప్పుతానని చేతిలో చెయ్యేసి చెప్పు."

"కన్ను పోతాంటే నీకు కాలువ గావాల్నా?"

"చెయ్యెయ్యి మే. లేకుంటే ఇప్పుడే దిగుతా."

దిగుతానంటే దిగే మనిషే. చెయ్యి వేశాను.

ఆమెకు ఉన్నది ఒక్క కన్ను. ఎడమకన్ను పన్నెండో ఏట కళ్ళంలో వడ్లగింజ ఎగిరి తగిలి, పుండై, తెల్లబడిపోయింది. ఇప్పుడు కుడికంట్లో మూడు రోజులుగా మెరుపులు మెరిశాయట, నల్లటి చుక్కలు రాలాయట. తరవాత కిందినుంచి ఒక నలుపు పైకి ఎక్కడం మొదలుపెట్టింది. మూడు రోజులూ ఎవరికీ చెప్పలేదు మహాతల్లి. వడ్లు నానేసే పనిలో ఉంది. నాలుగో రోజు గడప తట్టుకుని పడితే పక్కింటామె మైదుకూరుకు తీసుకుపోయి చూపించింది. కంటి వెనక పొర ఊడిపోతోందని, చూపు నడిమిదాకా ఊడితే ఇక చేసేదేమీ ఉండదని అక్కడి డాక్టరు చెప్పాడు. మరుసటిరోజు మధ్యాహ్నంలోపు కర్నూలులో ఆపరేషను బల్ల మీద ఉండాలన్నాడు. దారిలో తల కదలకూడదు, కుదుపు తగలకూడదు. నేను బేతంచెర్ల నుంచి ఆ సాయంత్రమే కారేసుకుని వచ్చాను.

బయలుదేరేముందు ఒకసారి గుడ్డ ఎత్తి, నా ముఖం ఆమె ముఖానికి ఎదురుగా పెట్టి అడిగాను, ఎంతవరకు కనపడుతోందని.

"నీ మెడ కనపడలే. గడ్డం నుంచి పైకి బాగుంది."

అదీ మా కొలత. గుడ్డ మళ్ళీ కట్టేశాను.

కాలువ సంగతి కూడా చెప్పాలి, లేకపోతే మా అక్కను పిచ్చిదనుకుంటారు. ఆమె ఊరు కాలువకు చిట్టచివర. కర్నూలు వైపు నుంచి వచ్చే నీళ్ళు దారిపొడవునా అందరి మడులూ తడిపి, మిగిలితే అక్కడికి వస్తాయి. చాలా ఏళ్ళు మిగలవు. అందుకని ఆ ఊళ్ళో ఒక అలవాటు ఉంది. పైనుంచి ఎవరు దిగినా, బస్సు డ్రైవరైనా సరే, పిల్లను చూడ్డానికి వచ్చిన పెళ్ళివారైనా సరే, తాగడానికి చెంబు ఇచ్చేలోపు ఒక్క మాట అడుగుతారు. "ఆళ్లగడ్డ కాడ నీళ్ళుండాయా?" ఉన్నాయంటే రెండు మూడు రోజుల్లో కొసకు చేరతాయి. చేరినరోజు ఎవరి గట్టు మీద వాళ్ళు పార పట్టుకుని నిలబడాలి. మనిషి లేని మడికి వంతు లేదు. అక్కడ ఎవరికి వారే యమునా తీరే. పక్కింటామె కంటి డాక్టరు దగ్గరికి తీసుకుపోతుంది గాని, నీళ్ళు మాత్రం మన మడికి తిప్పదు.

బావ పోయి ఆరేళ్ళయింది. రెండెకరాలూ అక్కే చేసుకుంటోంది. రెండేళ్ళుగా ఆ మడి తడవలేదు. ఈసారి నీళ్ళు వదులుతారని ఎవరో అంటే ఆ మాట పట్టుకుని వడ్లు నానేసి, గోనెసంచిలో మొలకకు కట్టి, వంటింటి మూల పెట్టింది. నేను వెళ్ళేసరికి గింజలు తెల్లటి ముక్కులు చూపిస్తున్నాయి. కారెక్కేముందు తడుముకుంటూ పోయి ఆ సంచి మీద చెయ్యి పెట్టి వేడి చూసింది. "బలే కాగతాంది," అంది. కాటుక అందానికే గాని కన్ను పోయేంత పెట్టుకుంటారా ఎవరైనా అని నేను అరిచాను. వినిపించుకోలేదు.

ఆరింటికి బయలుదేరాం. ఊరి కాలువ పక్కనే మట్టిరోడ్డు. కాలువలో మేకలు మేస్తున్నాయి.

"చెప్తా ఉండు," అంది వెనకనుంచి.

"ఏం చెప్పాల?"

"కనపడేదంతా. కండ్లకు గుడ్డ కట్టినావు, నోటికి గూడా కట్టుకుంటివా ఏంది? చూడకుండా పండుకుంటే నాకు ఊపిరాడదు."

నేను బళ్ళో సోషల్ చెప్తాను. ఏటా ఒక పాఠం ఉంటుంది, మన దేశపు నేలలు, కొండలు, నదులు. పటం మీద కర్ర పెట్టి ఇది ఎడారి, ఇది డెల్టా, ఇది పీఠభూమి అని గడగడా చెప్పేస్తాను. ఎడారి నేను చూడలేదు, డెల్టా రైల్లోంచి చూశాను. పిల్లలు కూడా చూడరు కాబట్టి ఎవరూ తప్పు పట్టరు. ఆ రోజు మాత్రం నన్ను పరీక్షించే మనిషి వెనకసీట్లో ఉంది.

"పసుపుతోటలు. పచ్చగా, ఏపుగా ఉండాయి," అన్నాను మైదుకూరు దాటాక.

"ఏపు అంటే? మోకాలి దాకానా, తొడ దాకానా?"

"మోకాలు."

"ఆలిస్యంగా పెట్టినారు. బోరు అడుక్కుపోయుంటాది. ఊ, తరవాత?"

తరవాత పచ్చదనం ఎవరో తుడిచేసినట్టు పోయింది. చాగలమర్రి వైపు నల్లరేగడి. వాన కోసం దున్ని వదిలేసిన చేలు. ఒక్క చెట్టు లేదు, నీడ లేదు, ఆకాశం నేరుగా నేల మీద పడి ఉంది. ఎక్కడో ఒక ఎర్ర చీర, పక్కన కుక్క. అంతే. నల్లనేల నెర్రెలు విచ్చింది అన్నాను.

"నెర్రె ఎంతుండాది?"

"కారులోనుంచి ఎట్ల తెలుస్తాది?"

"మేక కాలు పడేంతనా, ఆవు కాలు పడేంతనా? అంత చెప్పలేవా? టీచరమ్మవంట!"

"ఆవు కాలు."

"అయితే ఈ నెలలో చినుకు పడలే ఈడ," అంది. ఆ చేలవాళ్ళు తనకు చుట్టాలైనట్టు నిట్టూర్చింది.

కుడిపక్క నల్లమల మొదలైంది. నీలంగా, బారుగా, మా పక్కనే నడుస్తూ వచ్చింది. ఎడమపక్క దూరంగా ఎర్రమల, ఎండకు కాలి బూడిదరంగు తేలి. నల్లమల మీద మబ్బు కూర్చుని ఉంది, ఎర్రమల మీద ఏమీ లేదు. చెప్పాను.

"ఆ మబ్బు కురుస్తాందా, ఊరికే కూర్చోనుండాదా?"

"ఊరికే."

"మన మబ్బే," అని నవ్వింది. నవ్వితే తల కదిలింది. కదలొద్దని కసిరాను. స్పీడ్‌బ్రేకరు వచ్చిన ప్రతిసారీ నేను కారును పసిబిడ్డను పడుకోబెట్టినట్టు దాటిస్తున్నాను. వెనకనుంచి లారీలు హారన్లు కొట్టి నా వంశాన్ని తిట్టి పోతున్నాయి. గంటకు ఇరవై కిలోమీటర్లు పోతే కన్ను కదలదు, కానీ పన్నెండింటికి చేరం. అరవై పోతే చేరతాం, కన్ను చేరుతుందో లేదో తెలీదు.

ఆళ్లగడ్డ దాటాం. ఆమె మాట్లాడటం మానేసింది. నేనూ మానేశాను. కాలువ మీది వంతెన ముందు లేదు, ముందు లేదు, ఇంకా లేదు. వచ్చింది.

నీళ్ళున్నాయి.

కొంచెం కాదు. గట్లు ఒరుసుకుంటూ, ఎర్రగా, చెత్తా చెదారం, నురగ, ఒక ప్లాస్టిక్ చెప్పు మోసుకుంటూ, పనున్న మనిషిలా గబగబా కిందికి పోతున్నాయి. వంతెన మీద నలుగురు ఆడవాళ్ళు పసుపు కుంకుమ చల్లుతున్నారు. వాళ్ళ ముఖాలు చూస్తే నాకు ఏడుపొచ్చింది. అంత సంతోషం, అది నాకు ఆ పూట పగ. అవే నీళ్ళు మా అక్క మడికి పోతున్నాయి, మేము దానికి ఎదురు దిక్కున పోతున్నాం.

కిటికీ అద్దాలు ఎత్తేశాను. ఏసీ పెంచాను. తడిమట్టి వాసన లోపలికి రాకూడదని.

"వచ్చిందా వంతెన?"

"వచ్చింది."

"ఊ?"

నా గొంతు నాకే వేరేవాళ్ళదిలా వినపడింది. "ఎండిపోయుండాది అక్కా. జిల్లేడు చెట్లు మొలిచినాయి కాలువలో."

"ఆ మాటలెవరివి? ఆడోళ్ళు అరుస్తాండారు."

"బస్సు కోసం."

ఆమె ఏమీ అనలేదు. చెయ్యేసి చెప్పిన ఒట్టు. మా అమ్మ పోయినప్పుడు కూడా ఆమె నాతో అబద్ధం చెప్పలేదు. మౌనం భరించలేక మళ్ళీ చెప్పడం మొదలుపెట్టాను. నా నోట్లో నువ్వుగింజ నానదు. నంద్యాల వైపు పోతుంటే నేల మారిపోయింది. అరగంట కింద ఆవు కాలు పట్టే నెర్రెలు చూసిన కళ్ళకు ఇది వేరే దేశం. మళ్ళు, మళ్ళు, మళ్ళలో ఆకాశం. ట్రాక్టర్లు బురద తొక్కుతున్నాయి. బురద అనలేదు. ట్రాక్టర్లు తిరుగుతున్నాయి అన్నాను. పచ్చ అనలేదు. చేలు ఖాళీగా ఉన్నాయి అన్నాను. అంత జాగ్రత్త పడ్డాను. కానీ ఒకచోట ట్రాక్టరు వెనకాలే తెల్లకొంగలు, ఒకటీ రెండూ కాదు, బుట్టెడు మల్లెపూలు గుమ్మరించినట్టు లేచి మళ్ళీ వాలాయి. అంత అందం చూసి ఒళ్ళు మరిచిపోయాను.

"అబ్బా, కొంగలక్కా! ఎన్ని కొంగలో! ట్రాక్టరు ఎనకాలే పోతాండాయి!"

"అట్లనా," అంది.

అంతే అంది. నేను గండం గడిచిందనుకున్నాను.

నంద్యాల దాటి పాణ్యం దగ్గరికి వచ్చేసరికి పది దాటింది. అక్కడినుంచి మా బేతంచెర్ల బండలు మోసే లారీలు రోడ్డెక్కుతాయి. పచ్చదనం అయిపోయి రాయి మొదలైంది. గుట్టలు, ముళ్ళకంపలు, గాలిలో తెల్లదుమ్ము. ముందున్న లారీ బండలు పేర్చుకుని ఏనుగులా పోతోంది. దారి ఇవ్వడు. హారన్ కొట్టాను, తిట్టాను, నా నోటినుంచి రాకూడని మాటలు వచ్చాయి. వెనకనుంచి అక్క, "పిల్లోళ్ళకు పాఠాలు చెప్పే నోరేనా అది?" అంది. పక్కకు తీసి దాటబోయాను. లారీ చాటున గుంత దాగి ఉంది. కారు ఎగిరి పడింది.

అక్క "అమ్మా" అంది. నొప్పితో కాదు. భయపడి. మా అక్క భయపడగా నేను విన్నది ఆ ఒక్కసారే.

పక్కన ఆపి, వెనక తలుపు తీసి, గుడ్డ ఎత్తాను. నా ముఖం దగ్గరికి పెట్టాను.

"చెప్పు. యాడిదాకా?"

చాలాసేపు చూసింది. "గడ్డం లేదు. నోరు గూడా లేదు," అంది. "ముక్కు ఉండాది."

నేను అక్కడే రోడ్డు పక్కన, ముళ్ళకంపల మధ్య ఏడ్చేశాను. నా తొందర వల్లే. నోరులేని ముఖం ఏడుస్తుంటే ఆమెకు ఎలా కనపడిందో.

"ఏడ్సాకు. నడుపు," అంది. "ఏమేం కనపడతాందో చెప్తా నడుపు."

ఓర్వకల్లు దాకా రాళ్ళు చెప్పాను. ఒకదాని మీద ఒకటి నిలబెట్టిన రాళ్ళు, తోస్తే పడేటట్టు ఉండి యుగాలుగా పడని రాళ్ళు. రంగు అడిగింది. ఎరుపు అన్నాను. ఎట్లాంటి ఎరుపు అంది. ఇటుకా, మిరపపండా, తుప్పా? నాకు తెలియలేదు. తుప్పు, ఎండపడినచోట బెల్లం అన్నాను. "తుప్పు, బెల్లం," అని తనలో తాను అనుకుంది. నా మాటలతో ఆ రాయిని కట్టుకోవాలని చూస్తోంది, కుదరడం లేదు, అది నాకు అర్థమవుతూనే ఉంది. ఆ కంటి ముందు ఇక జీవితాంతం నా మాటలే ఉంటాయేమో.

పదకొండున్నరకు ఆసుపత్రి. కంట్లో చుక్కలు వేసి, పచ్చగౌను తొడిగి, తోపుడుమంచం మీద పడుకోబెట్టారు. నర్సు సంతకం కాగితాలు తేవడానికి పోయింది. గుడ్డ తీసేశారు. నేను ఆమె మీదికి వంగాను.

"నీ ముక్కు గూడా సగమే ఉండాది," అంది. "కండ్లు మాత్రం కనపడతాండాయి. అబద్ధమాడినోళ్ళ కండ్లు."

నేను ఆమె గౌను ముడి సర్దబోయాను.

"కొంగలు ఎండిన మడిలో ఏం ఏరుకుంటాయి మే? రాళ్ళా? బురద దున్నితేనే కదా ట్రాక్టరు ఎనక కొంగలు పడేది. అబద్ధమాడితే అతికినట్టుండాల."

"మరి అప్పుడే ఎందుకు చెప్పలే? బండి తిప్పమని ఎందుకు అడగలే?"

"అడుగుదామనే అనుకుంటి." పైకప్పు వైపు చూస్తూ ఆగింది. "నువ్వు అంత చెడ్డగా చెప్తాంటివి. ఒక్క నెర్రె సరిగ్గా చెప్పలేవు, ఒక్క ఎరుపు చెప్పలేవు. కొంగలు మాత్రం బాగా చెప్పినావు. నాకు కనపడినాయి. ఆ కొంగల్ని నేనే చూసుకోవాల, నీ నోటితో కాదు అనిపిచ్చె. అంతే."

నర్సు వచ్చింది. మంచం తోసుకుపోయారు.

ఆపరేషను బాగానే జరిగింది. పొర మళ్ళీ అతికించి, అది ఊడకుండా కంట్లో గాలిబుడగ పెట్టారు. రెండు వారాలు బోర్లా పడుకోవాలి. మా ఇంట్లోనే పెట్టుకున్నాను. నాలుగో రోజు పక్కింటామె ఫోను చేసింది. నీళ్ళు కొసకు వచ్చాయట. ఎవరి గట్టు మీద వాళ్ళు నిలబడ్డారట. నాలుగు రోజులు పారి ఆగిపోయాయని ఆ తరవాతి వారం చెప్పింది. గోనెసంచిలో మొలకలు చిక్కులు పడి, కుళ్ళి, ఇల్లంతా వాసన వస్తుంటే కోళ్ళకు వేశారట. అక్క బోర్లా పడుకునే వింది. "కోళ్ళన్నా తిన్యాయి," అని దిండులోకి అంది.

కంట్లో బుడగ రోజురోజుకూ తగ్గుతుంటే ఆమెకు చూపులో అడ్డంగా ఒక గీత కనపడేదట, చెంబులో నీళ్ళమట్టంలాగా, నడిస్తే ఊగుతూ. గీత పైన అంతా తేటగా, కింద మసకగా. "కంట్లో కాలువ పారతాంది మే," అనేది. రోజూ పొద్దున లేవగానే మట్టం ఎంత తగ్గిందో చెప్పేది. ముక్కు, నోరు, గడ్డం, నా ముఖం ఒక్కొక్కటే తిరిగొచ్చింది. మెడ కనపడినరోజు, "నీ తాళిబొట్టు నల్లబడింది, చింతపండు పెట్టి తోము," అంది. ఆ మాటకు నేను వంటింట్లోకి పోయి దేవుడికి దండం పెట్టుకున్నాను.

నెలన్నరకు డాక్టరు ఊరికి పోవచ్చన్నాడు. ఈసారి ముందుసీట్లో కూర్చుంది. నన్ను నోరెత్తనివ్వలేదు. "ఓర్వకల్లు రాయి చూపిచ్చందే ఊరికి రాను," అని షరతు పెట్టింది. మా బేతంచెర్ల నుంచి ఊరు ఒక దిక్కు, రాయి ఇంకో దిక్కు. అయినా అటు పోయి, చూపించి, వెనక్కి తిప్పాను. అది తుప్పూ కాదు, బెల్లమూ కాదు, కాలిన రొట్టె అంచు అంది. నిజమే. మళ్ళు పచ్చగా ఉన్నాయి, కొంగలు లేవు, వేరే ఎక్కడికో పోయాయి. ఆళ్లగడ్డ వంతెన దగ్గర ఆపమంది. కాలువలో పాదం మునిగేంత నీళ్ళు, మధ్యలో ఒక ప్లాస్టిక్ చెప్పు. చూసి, ఊ అంది. జిల్లేడు చెట్లు ఎక్కడున్నాయి అని మాత్రం అడగలేదు.

ఊరు చేరగానే ఇంట్లోకి పోలేదు. నేరుగా మడి దగ్గరికి నడిచింది. నేను వెనకాలే. చుట్టూ అందరి మళ్ళూ పచ్చగా, మోకాలెత్తు పైరు గాలికి ఊగుతోంది. నడిమధ్యలో మా అక్క రెండెకరాలు. గడ్డి ఎండి, నేల తెల్లబారి, నెర్రెలు విచ్చి ఉంది. గట్టు మీద నిలబడి, చెయ్యి కంటికి అడ్డం పెట్టుకుని, ఆ కొసనుంచి ఈ కొసదాకా నిదానంగా చూసింది. నేను తిట్లకు సిద్ధపడి తల దించుకున్నాను.

"ఆవు కాలు కాదు మే, మేక కాలే పడతాది," అంది. కాసేపాగి, "శానా బాగా కనపడతాంది," అంది.

నేను ఏడ్చాను. ఆమె ఏడవలేదు. కన్ను తడి చేసుకోవద్దని డాక్టరు చెప్పాడట.